మూడువందల నలభై వరండాలు

పనిలో ఆయన్ని అందరూ ‘ఏవి మేస్త్రి’ అంటారు. ముప్పయ్యేళ్లు తాపీ పట్టిన మనిషికి గోడ తిన్నగా లేపుతాడనో, స్లాబు చుక్క నీరు కారకుండా పోస్తాడనో పేరు రావాలి. ఆ పేరూ ఉంది గానీ జనం నోట్లో నిలిచింది మాత్రం ఇదే. కూలిమనిషి వచ్చి "మేస్త్రీ, తెచ్చేయనా" అంటే "ఏవి?" అంటాడు. "పోసేయనా" అన్నా "ఏవి?" అనే అంటాడు. ఎదురుగా ఉన్నది ఒకే ఒక్క తట్ట, అందులో ఉన్నది సిమెంటే అయినా సరే, దాన్ని పేరు పెట్టి చెప్పాల్సిందే. ఒక్కటే ఉన్నప్పుడు ‘ఏది’ అనాలి కదా, ‘ఏవి’ ఏమిటని ఒకాయన వ్యాకరణం కూడా చెప్పబోయాడు. మేస్త్రి ఆయన్ని ఎగాదిగా చూసి "ఏవి?" అన్నాడట.

ఇంట్లోనూ ఇదే గోల. "కూరలో వేసేయనా" అని భార్య వంటింట్లోంచి అరిస్తే వసారాలోంచి "ఏవి?" అని వినబడేది. "నా తలకాయ" అనేది ఆవిడ. ఇరవై నాలుగేళ్ల కూతురు కళ్లజోళ్ల షాపులో పనిచేస్తుంది. తండ్రిని అనుకరించి షాపులో అందరినీ నవ్వించడం ఆ అమ్మాయికి సరదా. ఈ అలవాటు ఎప్పుడు మొదలైందో ఎవరూ అడగలేదు. మనిషికి చాదస్తం వయసుతోపాటు వస్తుందని సరిపెట్టుకున్నారు.

మేస్త్రికి ఒక తమ్ముడున్నాడు. ఆయన పేరు ఇంకా వింత, ‘తొందర’. పద్నాలుగేళ్ల కిందట అన్నదమ్ములిద్దరూ కలిసి మందుల షాపాయన ఇంటికి వరండా కట్టారు. స్లాబు పోసేటప్పుడు కింద పలకలు పరిచి, వాటిని కర్రలతో నిలబెట్టి, ఆపైన కాంక్రీటు పోస్తారు. దాన్నే సెంట్రింగ్ అంటారు. పక్క పలకల్ని రెండు మూడు రోజులకే ఊడదీసుకోవచ్చు. కింద కర్రల్ని మాత్రం కాంక్రీటు గట్టిపడేదాకా, అంటే మూడు వారాలపాటు ముట్టుకోకూడదు. అన్న వేరే చోట పనిలో ఉండగా, ఏడో రోజు పొద్దున తమ్ముడు కింద కర్రలు తీసేశాడు. స్లాబు కూలి అతని మీదే పడింది. తలకు దెబ్బ తగిలింది, కుడి కాలు నుజ్జయింది. మూడు నెలలు మంచంలో ఉండి లేచేసరికి కాలు కుంటిదైంది, పేరు తొందరైంది.

అన్నని ఒక్కమాట అడక్కుండా తొందరపడ్డాడని ఊరంతా అనుకుంది. ఆ తర్వాత అతని చేతికి తాపీ ఇచ్చినవాళ్లు లేరు. ఒక మేడ మెట్ల కింద బల్ల వేసుకుని తాళంచెవులు చేయడం మొదలుపెట్టాడు. అక్కడే వెనక గదిలో కాపురం. ఒక్క తాళంచెవికి ముప్పావుగంట పట్టిస్తాడు. ఆకురాయితో రెండు గీతలు గీసి, కళ్లకు దగ్గరగా పెట్టుకుని చూసి, మళ్లీ రెండు గీతలు గీస్తాడు. "పేరుకే తొందర, పని నత్తనడక" అని వచ్చినవాళ్లు నవ్వుతారు. ఆయనా నవ్వుతాడు. మేస్త్రి కూతురైతే మాటలొచ్చినప్పట్నుంచీ కాకపోయినా, పదేళ్లప్పట్నుంచీ ‘తొందర బాబాయ్’ అనే పిలుస్తోంది. ముద్దుపేరనే అనుకుంది.

ఇక అసలు సంగతికొద్దాం. కూతురికి కంప్యూటర్ ఆటల పిచ్చి. నాలుగేళ్ల కిందట, వానలకు పని లేక తండ్రి ఇంట్లో కూర్చున్నప్పుడు, ఇళ్లు కట్టే ఆట ఒకటి చూపించింది. అందులో పునాది తవ్వాలి, పిల్లర్లు లేపాలి, సెంట్రింగ్ బిగించాలి, కాంక్రీటు పోసి రోజులు లెక్కపెట్టుకోవాలి. బరువు తప్పితే కట్టింది కూలుతుంది. మొదట మేస్త్రి కంప్యూటర్నే కసిరాడు. "ఆ పిల్లర్ అక్కడ పెట్టిందెవడమ్మా, వాడికి తూకపు గుండు వేలాడదీసి నిలువు చూడటం కూడా రాదే" అన్నాడు. వారం తిరిగేసరికి కుర్చీ ఆయనదైంది. సాయంత్రం పని నుంచి వచ్చి, చేతులు కడుక్కుని, రెండు వేళ్లతో టైపు కొట్టుకుంటూ కూర్చునేవాడు. కూతురు గదిలోకి వస్తే మాత్రం ఆట మూసేసి "అయిపోయిందమ్మా, నువ్వు ఆడుకో" అని లేచేవాడు. నాన్నకు ఓడిపోతూ కనబడటం సిగ్గనుకుంది పిచ్చిపిల్ల.

ఈమధ్య కంప్యూటర్‌లోని చిన్న డ్రైవ్ నిండిపోయింది. కొత్త ఆట దించుకుందామంటే చోటు లేదని ఎర్రగీత చూపిస్తోంది. కూతురు పెద్ద డ్రైవ్ ఒకటి తెచ్చి బిగించింది. ఆటలన్నీ అందులోకి మార్చడానికి ఒక ఆదివారం పొద్దున కూర్చుంది. తల్లి కుట్టుపని నేర్పే చోటికి వెళ్లింది. తండ్రికి ఆ రోజు రెండో అంతస్తు స్లాబు పోసే పని ఉంది. వెళ్తూ వెళ్తూ గుమ్మం దగ్గర ఆగాడు.

"నా ఆట జాగ్రత్తమ్మా. ఏదైనా తీసేసే ముందు నన్నడుగు."

"సరే నాన్నా. ఆటలే కదా, వజ్రాలు కావు" అంది కూతురు.

పని సాఫీగానే నడిచింది. ఆటలు దించుకునే యాప్‌లోనే ఒక్కో ఆటనూ వేరే డ్రైవ్‌కు పంపించే వీలుంది. ఒకటి ఎంచుకుని, కొత్త డ్రైవ్ చూపించి, నూటికి నూరు శాతం అయ్యేదాకా ఆగడమే. ముందు తన కార్ల పందెం పంపింది, తర్వాత పేకాట పంపింది, ఆఖరున నాన్న ఇళ్ల ఆట పంపింది. అయితే పాత డ్రైవ్‌లో తగ్గాల్సినంత బరువు తగ్గలేదు. ఎందుకో ఆ అమ్మాయికి తెలుసు. ఒకసారి చేయి కాలింది కాబట్టి తెలుసు. ఆట ఒకచోట ఉంటుంది, ఆడి దాచుకున్నవి ఇంకోచోట ఉంటాయి. ఆటను మారిస్తే అవి వెంట రావు, విడిగా మోసుకెళ్లాలి. వెతికి పట్టుకుంది. ఆ ఫోల్డర్ ఆట కంటే బరువుగా ఉంది. దాన్ని కొత్త డ్రైవ్‌లోకి కాపీ చేసి తండ్రికి ఫోన్ చేసింది.

"నాన్నా, అన్నీ కొత్తదాంట్లోకి చేరాయి. పాతవి తీసేయనా?"

అవతల కాంక్రీటు మిషను గడగడలాడుతోంది. "ఏవి?" అన్నాడు మేస్త్రి.

కూతురికి నవ్వొచ్చింది. "నీవే నాన్నా. నువ్వు కట్టి దాచుకున్నవి."

"అలా కాదు. పేరు చదువు."

"అబ్బా. వరండా ఒకటి, వరండా రెండు, వరండా మూడు. కిందికి పోయేకొద్దీ ఇవే ఉన్నాయి. మూడొందల నలభై వరండాలు. ఏంటి నాన్నా, ఊరంతటికీ వరండాలు కడుతున్నావా?"

మిషను చప్పుడొక్కటే వినబడింది. ఫోన్ పోయిందేమోనని చెవి నుంచి తీసి చూసింది. పోలేదు.

"వాటిని తెరవకు" అన్నాడు తండ్రి. "తీయకు, తెరవకు. నేను వస్తున్నా."

కూతురు బిత్తరపోయింది. స్లాబు పోస్తుండగా మేస్త్రి పక్కకు కదలడు. కూతురు పుట్టిందన్న కబురు కూడా స్లాబు మీదే విని, చివరి తట్ట పోయించాకే ఆస్పత్రికి వచ్చిన మనిషి. అలాంటివాడు ఆట కోసం పని మధ్యలో వదిలేసి వస్తున్నాడా? కొత్త డ్రైవ్ నుంచి ఆట నడుస్తోందో లేదో చూడొద్దా అని తనకు తాను చెప్పుకుని, ఒకటో వరండా తెరిచింది. అదంతా సాకు. తెరవొద్దన్నారు కాబట్టి తెరిచింది, అంతే.

తెర మీద ఒక వరండా నిలబడింది. నాలుగు పిల్లర్లు, మూడు మెట్లు, ముందువైపు అర్ధచంద్రంలా గుండ్రంగా తిరిగిన స్లాబు. కూతురు దాన్ని గుర్తుపట్టింది. పదేళ్లప్పుడు నాన్నకూ బాబాయ్‌కీ భోజనం క్యారేజీ తీసుకెళ్లి ఆ మూడు మెట్ల మీదే కూర్చునేది. అది మందుల షాపాయన వరండా. చూస్తుండగానే కింద కర్రలు ఊడాయి, స్లాబు మధ్యలో విరిగి, దుమ్ము లేపుతూ కూలింది.

రెండోది తెరిచింది. అదే వరండా. అదీ కూలింది. పదోదీ అదే. ఒక్కోదాని కింద తండ్రి ఒక్కో ముక్క రాసుకున్నాడు. "ఏడో రోజు, కర్రలు తీశాను, కూలింది." "పదో రోజు, కూలింది." "సిమెంటు తగ్గించాను, కర్రలు తీయలేదు, నిలిచింది." "ఇసుక ఎక్కువ వేశాను, కర్రలు తీయలేదు, నిలిచింది." "పక్క పలకలు మాత్రం తీశాను, నిలిచింది." ఆ అమ్మాయి ఒక్కోటీ చదువుకుంటూ పోయింది. పాపం నాన్న, తమ్ముడి కాలు విరిగిన బాధను ఎవరికీ చెప్పుకోలేక ఇక్కడ కూర్చుని కుమిలిపోయాడనుకుంది. కళ్లలో నీళ్లు కూడా తిరిగాయి. ఆ నీళ్లతోనే ఆఖరిది తెరిచింది.

మూడువందల నలభయ్యో వరండా కింద ఇలా ఉంది. "తమ్ముడు ఫోన్ చేసి తీసేయనా అన్నాడు. తీసెయ్ అన్నాను. ఏవి అని అడగలేదు."

కూతురు దాన్ని ఒకసారి చదివింది. అర్థం కానట్టు మళ్లీ చదివింది. అర్థమయ్యాక కుర్చీలో కొయ్యబారిపోయింది. ఫ్యాను తిరుగుతూనే ఉంది, తెర మీద దుమ్ము లేస్తూనే ఉంది. బాబాయ్ అడిగాడు. అడక్కుండా చేశాడనే కదా ఊరు ఊరంతా ఆయన్ని చూసి పద్నాలుగేళ్లు నవ్వింది. తనూ నవ్వింది. ‘తొందర బాబాయ్, నిదానం’ అని ఆయన పుట్టినరోజు కేకు మీద రాయించింది. ఆయన ఆ కేకును తాళంచెవి చేసినంత నెమ్మదిగా కోసి అందరికీ పంచాడు.

తండ్రి వచ్చేసరికి ఇంకా అలాగే కూర్చుని ఉంది. మేస్త్రి మోచేతుల దాకా సిమెంటుతో గుమ్మంలో నిలబడ్డాడు. తెర వైపు చూశాడు, కూతురి మొహం చూశాడు. ఇక అడగాల్సిందేమీ లేకపోయింది. కూడగట్టుకున్న ధైర్యమంతా జారిపోయినట్టు, బట్టలకు మట్టి ఉందన్న ధ్యాసైనా లేకుండా మంచం అంచున కూలబడ్డాడు.

"బాబాయ్ ఫోన్ చేశాడా?"

"చేశాడు."

"నువ్వు తీసేయమన్నావా?"

"పక్క పలకల గురించి అడుగుతున్నాడనుకున్నాను తల్లీ. ఇటుకల లోడు దిగుతోంది, ఆ గొడవలో ఉన్నాను. వాడు ‘అన్నయ్యా, తీసేయనా’ అన్నాడు. నేను ‘తీసెయ్’ అన్నాను. వాడు కర్రల గురించి అడిగాడు. ఏవి తీయాలో వాడూ అనలేదు, నేనూ అనలేదు."

"మరి అందరూ అడిగినప్పుడు ఏం చెప్పావు?"

మేస్త్రి చేతి మీద ఎండిన సిమెంటును గోటితో గీరాడు. "కర్రలు తీయమని నేను చెప్పలేదన్నాను. అది నిజమే కదా."

అబద్ధమైతే కూతురు తిట్టేదే. ఇది అబద్ధం కాదు. నిజాన్నే గోడలా కట్టి, తమ్ముణ్ణి దాని అవతల నిలబెట్టాడు. ఊళ్లో ఎవరినైనా అడగండి, మేస్త్రి మాటంటే మాటే అంటారు. ఆ మంచిపేరే బాబాయ్ కొంప ముంచింది.

"బాబాయ్ చెప్పలేదా, తను అడిగానని?"

"చెప్పాడు. ఎవరూ నమ్మలేదు. తలకు దెబ్బ తగిలింది, ఏదో మాట్లాడుతున్నాడన్నారు. మొదట్లో చెబుదామనే అనుకున్నాను. వాడు లేచాక చెబుదామనుకున్నాను, పని మళ్లీ దొరికాక చెబుదామనుకున్నాను. పని దొరకలేదు. ఎన్నాళ్లు గడిస్తే అంత బరువైపోయింది."

"అయితే ఇవన్నీ ఎందుకు కట్టావు? బాధతోనా?"

అవునంటే సరిపోయేది. కూతురు ఆ మాట ఆయన నోటికి అందించింది కూడా. కానీ మేస్త్రి ఆ రోజు ఇక దాచేదేమీ లేదనుకున్నాడో ఏమో, తలెత్తకుండానే అన్నాడు.

"కాదమ్మా. ఒక్కసారైనా వేరే కారణంతో కూలుతుందేమోనని కట్టాను. ఇసుక తప్పో, పిల్లర్ తప్పో, ఏదో ఒకటి దొరికితే నా మాట వల్ల కాదనుకోవచ్చు. అన్నీ మార్చి చూశాను. కర్రలు తీయకపోతే ఒక్కటీ కూలలేదు."

నాలుగేళ్ల సాయంత్రాలు నాన్న కంప్యూటర్ ముందు కూర్చుని వెతుక్కున్నది తప్పించుకునే దారినన్నమాట. కూతురికి ఒక పక్క కోపం మండుతున్నా, ఇంకో పక్క ఆ వంగిన వీపును చూస్తే జాలి కూడా వేసింది. ఆ జాలి వేసినందుకు తన మీద తనకే ఇంకా కోపం వచ్చింది.

"నేను వీటిని తీయను, ఎక్కడికీ మార్చను. ముందు బాబాయ్ దగ్గరికి పద" అంది.

మేస్త్రి చేతులైనా కడుక్కోకుండా లేచాడు. దారిలో ఎదురైనవాళ్లు "స్లాబు వదిలేసి ఎక్కడికి మేస్త్రీ" అని ఆశ్చర్యపోయారు. ఆయన ఆగలేదు.

మెట్ల కింద బల్ల దగ్గర బాబాయ్ ఒక చిన్న తాళంచెవికి పళ్లు కోస్తున్నాడు. కుంటికాలు పక్కనున్న స్టూలు మీద చాపి ఉంది. అన్నని ఆ వేళప్పుడు, ఆ చేతులతో చూసి కంగారుగా లేవబోయాడు.

"ఏమైంది అన్నయ్యా, ఎవరికైనా దెబ్బ తగిలిందా?"

"కూర్చోరా" అన్నాడు మేస్త్రి. తను మాత్రం కూర్చోలేదు. దారంతా ఏం కూడబలుక్కున్నాడో గానీ అదంతా పోయి, మూడు ముక్కలు మిగిలాయి. "ఆ రోజు నువ్వు నాకు ఫోన్ చేశావు. తీసేయనా అన్నావు. నేనే తీసెయ్ అన్నాను."

బాబాయ్ ఆకురాయి బల్ల మీద పెట్టాడు. తిడతాడనుకుంది కూతురు, ఏడుస్తాడనుకుంది, తెలుసులే అన్నయ్యా అంటాడేమోనని కూడా అనుకుంది. ఆయన అవేవీ చేయలేదు. తప్పు లెక్క చెప్పిన పిల్లాణ్ణి చూసినట్టు అన్నని చూశాడు.

"ఎప్పుడు చేశాను?"

"పొద్దున. ఏడున్నరప్పుడు. ఇటుకల లోడు దిగుతోంది."

"నేనే చేశానా?"

"నువ్వే చేశావురా."

"నిజంగా చేశానా అన్నయ్యా?" బాబాయ్ బల్ల అంచు పట్టుకుని ముందుకు వంగాడు. "మొదటి ఏడాది అందరికీ చెప్పాను, అడిగానని. అడిగితే మీ అన్నయ్య కాదంటాడా, ఆయన అబద్ధమాడే మనిషా అని నీ మరదలు కూడా అంది. తలకు దెబ్బ తగిలితే జరగనివి జరిగినట్టు అనిపిస్తాయని డాక్టర్ చెప్పాడు. సరే, అడగాలనుకుని ఉంటాను, అడిగి ఉండను అనుకున్నాను. అప్పట్నుంచీ నాకు నా మీదే నమ్మకం లేదు. తాళంచెవి చేస్తే పదిసార్లు చూసుకుంటాను, సరిగ్గా చేశానా లేదా అని."

కాలు పోయింది, పని పోయిందనే ఇంతసేపూ కూతురు లెక్కేసుకుంది. మనిషి తన జ్ఞాపకాన్ని తనే పారేసుకున్నాడని కలలో కూడా అనుకోలేదు. మేస్త్రికీ అది అప్పుడే తెలిసింది. సిమెంటు చేతులు రెండూ గాల్లోనే ఉండిపోయాయి.

"అయితే నేను అడిగాను" అన్నాడు బాబాయ్, తనలో తను అనుకుంటున్నట్టు. "అడిగాను."

వెనక గది వైపు తిరిగి భార్యను పిలిచాడు.

"ఇదిగో, ఒకసారి ఇలా రా. అన్నయ్య ఒక మాట చెబుతాడు."

లోపల గిన్నెల చప్పుడు ఆగింది. పిన్ని తడిచేతులు తుడుచుకుంటూ గుమ్మంలోకి వచ్చి, "ఏంటి బావగారూ" అంది. బాబాయ్ అన్న వైపు చూశాడు.

"మళ్లీ చెప్పు అన్నయ్యా. మొదట్నుంచీ చెప్పు."